అలమేలక్క హాల్టు

గంజి వాసన రాగానే నేను సీటులోంచి లేస్తాను. అది నా చేతిలో లేని పని. తిరుత్తణిలో పొద్దున్నే బయలుదేరిన లోకల్ బండి అరక్కోణం దాటి, ఇంకాసేపట్లో కడంబత్తూరు వస్తుందనగా, కిటికీలోంచి ఆ వాసన ఒక్కసారిగా లోపలికి దూరుతుంది. కాస్త పులుపు, కాస్త వేడి, కొత్త నేతచీర మడత విప్పినప్పుడు వచ్చే వాసన. అప్పటికే నా చెయ్యి సంచి పట్టుకుని ఉంటుంది, కాళ్ళు తలుపు దారి పట్టి ఉంటాయి. బండి మాత్రం ఆగదు. అక్కడ బండి ఆగడం మానేసి చాలా ఏళ్ళయింది. నా కాళ్ళకు ఈ సంగతి ఇంకా ఎవరూ చెప్పినట్టు లేదు.

మొన్న అలాగే లేచి నిలబడితే, ఎదురు సీటులో పాటలు వింటున్న పిల్ల చెవుల్లోంచి వైర్లు తీసి, "అక్కా, కడంబత్తూరు ఇంకా రాలేదు, కూర్చోండి" అంది జాలిగా. తెలుసమ్మా అని కమ్మీ పట్టుకుని అలాగే నిలబడ్డాను. బయట పాత ప్లాట్‌ఫారం మీద, ఈ కొస నుంచి ఆ కొస దాకా, మగ్గానికి ఎక్కించబోయే ఎర్రదారాల పడుగు సాచి ఉంది. ఇద్దరు మనుషులు పెద్ద కుంచెలతో దానికి గంజి పట్టిస్తున్నారు. ఊరి పేరు రాసిన పసుపుపచ్చ బోర్డు మీద అక్షరాలు రాలిపోయాయి, దాని మీద ఎవరిదో లుంగీ ఆరుతోంది. "అక్కడ ఏముందక్కా?" అని అడిగింది ఆ పిల్ల. "స్టేషను" అన్నాను. ఆమె తొంగి చూసింది, తర్వాత నా మొహం చూసింది, ఏమనుకుందో మళ్ళీ వైర్లు చెవుల్లో పెట్టేసుకుంది. ఆ పిల్లకు చెప్పలేకపోయినదంతా ఇక్కడ రాస్తున్నాను.

రైల్వేవాళ్ళ భాషలో అది పున్నవేడు హాల్టు. మాకు మాత్రం అలమేలక్క టేసను. హాల్టు అంటే పెద్దగా ఏమీ ఉండదు. స్టేషను మాస్టరు ఉండడు, సిగ్నలు ఉండదు, మైకు ఉండదు. ఊళ్ళో ఎవరో ఒకరు కాంట్రాక్టు తీసుకుని, పెద్ద స్టేషను నుంచి టికెట్లు తెచ్చి అమ్ముతారు. మా ఊళ్ళో ఆ ఒకరు అలమేలక్క. నేను కోడలిగా వచ్చేసరికి ఆమెకు యాభై దాటి ఉంటుంది. పొట్టి మనిషి, గొంతు మాత్రం కడంబత్తూరు దాకా వినిపించేది. చేతికి మగవాళ్ళ గడియారం పెట్టుకునేది. అది ఎప్పుడూ కాస్త ముందుకు తిరిగే ఉండేది. ఎందుకక్కా అంటే, "నా గడియారం సరిగ్గా ఉంటే ఈ ఊరోళ్ళు ఏ బండీ ఎక్కలేరు" అనేది. మైకు లేని లోటు ఆమె ఎవరికీ తెలియనివ్వలేదు. దూరంగా పట్టాలు గీపెట్టడం మొదలుకాగానే టికెట్ల గదిలోంచి బయటికి వచ్చి, నడుం మీద చేతులు పెట్టుకుని కేక వేసేది.

"వస్తా ఉండాది, వస్తా ఉండాది! పిల్లోళ్ళని పట్టుకోండి! చెప్పులు ఇడిసినోళ్ళు తొడుక్కోండి! మే సెల్వీ, జడ లోపలికి పొయ్యి అల్లుకో! చెంగల్రాయ మామా, పడుగు జరుపు!"

బండి కదలాలంటే తను తల ఊపాలని ఆమె నమ్మకం. బండి నడిపేవాడికి ఆ సంగతి తెలియదు. అతను ఎటో చూస్తూ కూర్చుని గార్డు బెల్లు కొట్టగానే పోయేవాడు. అయినా ఆమె ప్రతిసారీ గంభీరంగా తల ఊపేది, బండి ప్రతిసారీ కదిలేది. ఇద్దరి మధ్యా ఏ తగవూ రాలేదు.

నేను శోళవరం వైపు పిల్లను. పెళ్ళికి ముందే తిరువళ్ళూరు దగ్గర కార్లకు వైర్లు కట్టే కంపెనీలో పనిచేస్తుండేదాన్ని. పెళ్ళయ్యాక ఆ పని ఉంటుందా ఊడుతుందా అన్నది మా అత్త నోట్లో ఉంది. మా ఆయన మగ్గం నేసేవాడు, నేయడం తప్ప మిగతా విషయాలన్నీ ఆయన తల్లికి వదిలేసి ఉన్నాడు. అత్త చాలాసేపు ఆలోచించి ఒక షరతు పెట్టింది. మా ఇంటి గడపలో నిలబడితే చేల మీదుగా హాల్టు కనబడుతుంది. "నువ్వు బండి ఎక్కేది నా కంటికి కనపడాల. దిగేది కనపడాల. అట్లయితే పో. కనపడని చోటికి పోయి ఎక్కేట్లయితే ఆ ఉద్యోగం మనకొద్దు" అంది. అత్త చెడ్డ మనిషి కాదు. తన చూపు ఆనినంత మేర లోకమంతా మంచిదేనని, ఆ తర్వాతి దానికి పూచీ లేదని ఆమె లెక్క. ఆ విధంగా నా ఉద్యోగం ఆ పిడికెడు స్టేషనుకు వేలాడుతూ ఉండేది.

కొత్త కోడలిగా పనికి బయలుదేరిన మొదటి రోజే ఆలస్యమైంది. గడప దాటుతుండగా ఒక్కో పనీ గుర్తొచ్చింది అత్తకు. చివరికి చేల గట్ల మీద చీర ఎత్తిపట్టుకుని పరుగెడుతుంటే బండి వచ్చి ఆగనే ఆగింది. ఇంకా సగం దారి ఉంది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అప్పుడు చూశాను, అలమేలక్క బండి వెనక గార్డు పెట్టె దగ్గరకు పోయి, మురుకుల పొట్లం చేతిలో పెట్టి, ఆయన కూతురు పెళ్ళి సంబంధం గురించి అడుగుతోంది. మురుకు నోట్లో పెట్టుకున్న మనిషి బెల్లు కొట్టలేడు, కూతురి సంబంధం గురించి అడిగితే జవాబు చెప్పకుండా పోలేడు. నేను వగరుస్తూ వచ్చి, "అత్త... ఇంట్లో... పని..." అని ఏదో చెప్పబోయాను.

"ముందు ఎక్కు" అంది అలమేలక్క.

"అది కాదక్కా, పొద్దున..."

"ఏడ్చేదేమన్నా ఉంటే లోపల కూర్చోని ఏడ్చుకో. కతలు సాయంకాలం చెప్పు. ముందు ఎక్కు!"

రెక్క పట్టుకుని పెట్టెలోకి తోసింది. నేను లోపల పడ్డాక వెనక్కి తిరిగి గార్డుకు తల ఊపింది. సాయంత్రం దిగాక కథ చెబుదామని పోతే వినలేదు. ఆలస్యమైన వాళ్ళను కారణం అడగడం ఆమెకు అలవాటు లేదు. అందరి ఇళ్ళూ తనకు తెలుసునని, అన్ని ఇళ్ళలోనూ కారణాలు ఒకటేనని అనేది.

బండి కోసం ఎదురుచూసే పొద్దుల్లోనే ఆ స్టేషను ఎలా పుట్టిందో నాకు తెలిసింది. తెలిసింది అనడం కంటే, రెండు రకాలుగా తెలిసింది అనాలి. అలమేలక్క చెప్పే చరిత్ర ఇది. "మా నాయన బొగ్గింజను తోలేవాడు. ఈ ఊరి అల్లుడు. మా అమ్మమ్మకేమో అల్లుడు ఆకలితో పోతాడే అని దిగులు. కారియర్ ఎత్తుకోని పట్టాల పక్కన నిలబడేది. ఆమె నిలబడితే మా నాయన ఇంజను నిలబెట్టేవాడు. అత్తను చూసీ చూడనట్ల పోతే, ఇంటికి వచ్చినంక మా అమ్మ ఊరుకుంటాదా? అల్లుడు కారియర్ అందుకునే లోపల ఊరోళ్ళు ఒకరిద్దరు ఎక్కేసినారు. దినామూ ఎక్కినారు. కడాకు రైల్వే వాళ్ళు, ఎట్లా ఆగతానే ఉండాది కదా అని, ఒక బోర్డు నాటి పోయినారు." అంటే ఆ స్టేషనుకు పునాది వాళ్ళ అమ్మమ్మ సాంబారు. బండి ఆగేది బ్రేకుతో కాదు తిండితో అని ఆమె సిద్ధాంతం, మురుకుల పొట్లం దానికి ఋజువు.

చెంగల్రాయ మామ దీన్ని ఒప్పుకునేవాడు కాదు. మామ మగ్గాల వీధి పెద్ద. ఆయన లెక్కలో ఇంజను ఆగింది నీళ్ళకు, ఆ నీళ్ళు వాళ్ళ తాత బావివి. "సాంబారుకు ఇంజను ఆగతాదా? నీళ్ళు లేకుండా ఆవిరి యాడ నుంచి వస్తాది?" అనేవాడు పడుగుకు గంజి పట్టిస్తూనే. పడుగు సాచడానికి పొడుగ్గా, చదునుగా, ఎండ తగిలే చోటు కావాలి. ఊరి వీధిలో ఆవులు, సైకిళ్ళు, తగువులు. ప్లాట్‌ఫారం అయితే దేవుడు నేతవాళ్ళ కోసమే పోసినట్టుండేది. మామ దాన్ని పడుగుల తిన్నె అనేవాడు, మధ్యలో ఈ బండ్లొకటి అడ్డం వస్తున్నాయని విసుక్కునేవాడు. బండి వచ్చే ముందు కర్రలు పీకి పడుగును గోడవారకు జరపాలి, పోగానే మళ్ళీ సాచాలి. ఓసారి తిరుత్తణి మురుగన్ గుడికి కావడి ఎత్తుకుని పోయే భక్తుడొకాయన తప్పు స్టేషనులో దిగి, కావడితో సహా పడుగులో చిక్కుకున్నాడు. ఆయన్ను విడదీయడానికి ఊరంతా పూనుకోవలసి వచ్చింది. దారం తెగిందని మామ, మొక్కు తప్పిందని భక్తుడు, బండి కదిలిపోయిందని అక్క, ముగ్గురూ ఒకేసారి అరిచారు. తర్వాత అక్క ఆ భక్తుడికి అన్నం పెట్టి పంపింది. మామ నేసిన ఆ చీర అంచున ఆ తెగిన పోగు ముడి ఉండిపోయిందట, దాన్ని మురుగన్ ముడి అని చెప్పి అమ్మేశాడు.

అన్నీ బాగున్నాయనుకుంటుండగా ఒక సాయంత్రం అలమేలక్క కేక వేయకుండా బల్ల మీద కూర్చుని ఉంది. బండి దానంతటది వచ్చి ఆగింది. ఏమైందక్కా అన్నాము దిగిన ఆడవాళ్ళమంతా.

"మన టేసనులో ఎవరూ ఎక్కేది లేదంట" అంది. "ఎత్తేస్తారంట."

మాకు నవ్వొచ్చింది. పొద్దున బండిలో నిలబడడానికి చోటు లేక కొట్టుకునే మేము ఎవరమట? అప్పుడు తెలిసింది అసలు సంగతి. మేమందరం నెలనెలా తిరువళ్ళూరులో సీజన్ పాసులు తీసుకునేవాళ్ళం. హాల్టులో పాసులు ఇవ్వరు. అక్క దగ్గర టికెట్టు కొనేది ఎప్పుడైనా పెళ్ళికో ఆస్పత్రికో పోయే ముసలివాళ్ళు. అందువల్ల రైల్వే లెక్కల్లో పున్నవేడు నుంచి లోకంలోకి వెళ్ళే మనుషులు దాదాపు లేరు. మేము దినమూ బండెడు జనం పోతూ కూడా కాగితం మీద ఇంట్లోనే కూర్చుని ఉన్నాం. అక్క కడంబత్తూరు పోయి మొత్తుకుంటే, సరే, ఒక ఆఫీసరు స్వయంగా వచ్చి ఎంతమంది ఎక్కుతారో కంటితో చూస్తాడు, పొద్దుటి బండికే వస్తాడు అన్నారట.

నేను ఇంటికి వెళ్ళి ఈ మాట చెప్పకుండా ఉండాల్సింది. చెప్పాను. అత్త చెంబు కింద పెట్టి, "టేసను పోతే ఇంగ నీ పని కూడా పోయినట్లే గదమ్మా" అంది నెమ్మదిగా. కోపంగా అని ఉంటే వాదించేదాన్ని. మర్నాడు పొద్దున్నే పోయి అక్కతో చెప్పుకున్నాను.

"మీ అత్తను కూడా బండి ఎక్కిస్తాను చూడు" అంది అలమేలక్క. అప్పటికే ఆమెకు ఊపు వచ్చేసింది. ఇంటింటికీ పోయింది. ఆ దినం పని ఉన్నవాళ్ళూ లేనివాళ్ళూ, పాసు ఉన్నవాళ్ళూ లేనివాళ్ళూ, అందరూ టికెట్టు కొని ఎక్కాలి, తిరువళ్ళూరు పోయి గుడి చూసుకుని మధ్యాహ్నం బండికి వచ్చేయాలి. ఊరు ఊరంతా సరేనంది. అక్కడికి ఆగి ఉంటే ఈ రోజు నేను సీటులోంచి లేస్తే ఎవరూ జాలిపడేవాళ్ళు కాదు.

కానీ చెంగల్రాయ మామ ఒక ధర్మసందేహం లేవనెత్తాడు. "అంత పెద్ద మనిషి మన ఊరికి వస్తా ఉండాడు. మరియాద చేయకుండా మన పాటికి మనం బండెక్కి పోతామా? పిలిచి, వాకిలి మూసుకోని పోయినట్ల ఉండదా?" అందరూ మొహమొహాలు చూసుకున్నారు. నిజమే, ఇంటికి వచ్చిన మనిషికి మంచినీళ్ళు కూడా ఇవ్వకుండా బయటికి పోయే ఊరు కాదు మాది. మామ తన మగ్గం మీద అంచు పెట్టి, సన్మానానికి భుజాల మీద కప్పే పొన్నాడ నేయడానికి పూనుకున్నాడు. మేళానికి మనుషులను పిలిచారు. అక్క అమ్మమ్మ చేతి సాంబారు తానే చేస్తానంది. స్వాగతం చెప్పే బాధ్యత కూడా ఆమెదే అయింది. ఉపన్యాసాన్ని కంఠతా పట్టి, టికెట్ల గదిలో తలుపు వేసుకుని గోడకు వినిపించేది. సాంబారుతో పుట్టిన స్టేషను సాంబారుతోనే నిలుస్తుందని ఆమెకు గట్టి నమ్మకం. మాకూ అలాగే అనిపించింది. ఎవరికీ ఒక్క చిన్న విషయం తట్టలేదు.

ఆ రోజు పొద్దున ప్లాట్‌ఫారం కళకళలాడిపోయింది. పడుగు ఎత్తేసి, కడిగి ముగ్గులు పెట్టారు. మా అత్త పెళ్ళినాటి పట్టుచీర కట్టుకుని హారతి పళ్ళెంతో ముందు వరసలో నిలబడింది. అందరి చేతుల్లో టికెట్లు ఉన్నాయి. బండి వచ్చింది. ఆఫీసరు దిగాడు, సన్నగా, కళ్ళజోడు పెట్టుకుని, చేతిలో చిన్న సంచితో. దిగీ దిగగానే మేళం మోగింది. మా అత్త కర్పూరం వెలిగించి చుట్టూ తిప్పడం మొదలుపెట్టింది, ఆ పని ఆమె ఎప్పుడూ తొందరగా చేయదు. మామ పొన్నాడ విప్పి ఆయన భుజాల మీద కప్పాడు, అది సరిగ్గా పడలేదని తీసి మళ్ళీ కప్పాడు. దండలు పడ్డాయి. మేమంతా మొహం చూద్దామని బండికి వీపు పెట్టి ముందుకు తోసుకున్నాం. అలమేలక్క గొంతు సవరించుకుని, "పెద్దలకూ, పూజ్యులకూ, మా గరీబు టేసనుకు విచ్చేసిన..." అని మొదలుపెట్టింది.

వెనకాల ఏదో బెల్లు మోగినట్టు నాకు లీలగా గుర్తు. అక్క మాట ఆపలేదు. కంఠతా పట్టిన ఉపన్యాసం ఆపితే మళ్ళీ మొదటి నుంచి చెప్పాలి. ఆమె "మా అమ్మమ్మ కాలంలో" అనే చోటికి వచ్చేసరికి మా వెనక గాలి వీచింది. ఎండ తగిలింది. ఇంతసేపూ ఎండకు అడ్డంగా ఉన్నది బండి. అది కడంబత్తూరు వైపు వంపు తిరిగిపోతోంది. మేళంవాళ్ళు ఒక్కొక్కరుగా ఆగిపోయారు. అత్త చేతిలో కర్పూరం ఇంకా వెలుగుతూనే ఉంది.

ఆఫీసరు దండల్లోంచి తల పైకెత్తి అటు చూశాడు, ఇటు చూశాడు. తమిళంలో చాలా మెల్లగా, "యారుమే ఏరలియా?" అని అడిగాడు. ఎవరూ ఎక్కలేదా అని.

చెంగల్రాయ మామే చివరికి, "మీకోసరమే వచ్చినాము సామీ" అన్నాడు.

"దిగింది ఒకరు, నేను. ఎక్కింది ఎవరూ లేరు" అన్నాడు ఆయన. తిట్టినట్టు అనలేదు. బాధగా అన్నాడు. తర్వాత అందరం బతిమాలుకున్నాం, తర్వాతి బండి ఎక్కి చూపిస్తామన్నాం. ఆయన తల అడ్డంగా ఊపాడు. పొద్దుటి బండినే చూడమన్నారట, చూసిందే చెప్పాలట. భోజనం మాత్రం కాదనలేదు. సాంబారు రెండోసారి వేయించుకున్నాడు, మూడోసారి కూడా. చెయ్యి కడుక్కుంటూ అలమేలక్కతో, "అమ్మా, ఈ సాంబారు గురించి రిపోర్టులో రాయడానికి చోటు లేదే" అన్నాడు. ఆయన కళ్ళలో నీళ్ళు ఉన్నాయి. కారం వల్ల కావచ్చు, నాకు మాత్రం కారం వల్ల అనిపించలేదు.

ఆయన వెళ్ళాక అక్క ముగ్గుల మధ్యన అలాగే కూర్చుండిపోయింది. నేను పక్కన కూర్చున్నాను. "బతుకంతా ముందు ఎక్కండి, ముందు ఎక్కండి అని అరిచినాను మేయ్" అంది. "అరవాల్సిన దినం ఉపన్యాసం ఇచ్చినాను." నాకు ఏడుపొచ్చింది. ఆమెకు ముందు నవ్వొచ్చింది. మామ మళ్ళీ పొన్నాడ సరిచేయడం ఎలా ఉందో చేసి చూపించింది, మా అత్త హారతి తిప్పడం చేసి చూపించింది, చివరికి తన ఉపన్యాసం కూడా తనే వెక్కిరించుకుంది. నవ్వుతూ నవ్వుతూనే కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది.

కొన్నాళ్ళకు ఆర్డరు వచ్చింది. చివరి బండికి అక్క ఎప్పటిలాగే తల ఊపింది. ఆ రాత్రి అత్త నా టిఫిన్ కారియర్ కడిగి, తుడిచి, అటక మీద పెట్టేసింది. నా ఉద్యోగం అటకెక్కడం నేను కళ్ళారా చూశాను. మా ఆయన పోగులు అతుకుతూ తల ఎత్తలేదు.

మర్నాడు ఇంకా సరిగ్గా తెల్లవారలేదు. మా వాకిట్లోనే కేక వినబడింది.

"వస్తా ఉండాది, వస్తా ఉండాది! పిల్లోళ్ళని పట్టుకోండి! చెప్పులు తొడుక్కోండి! వనజా, యాడుండావు?"

తలుపు తీసి చూస్తే అలమేలక్క. చేతికి అదే గడియారం. ఆమె వెనక వరసగా సెల్వి, ఇంకా కంపెనీలకు పోయే మా ఊరి ఆడవాళ్ళంతా సంచులతో నిలబడి ఉన్నారు. సెల్వి జడ సగమే అల్లుకుని ఉంది.

అత్త బయటికి వచ్చి, "బండే నిలబడదు గదా అలమేలూ, ఏమొస్తా ఉండాది?" అంది.

"నేనొస్తా ఉండాను. కడంబత్తూరు దాకా మేమే బండి. పట్టాల పక్క దారిలో ముప్పావు గంట నడిస్తే ఆడ నిలబడతాది రైలు."

"ఆడ ఎక్కేది నాకు కనపడదే."

"వంపు దాకా నీకు కనపడతాది. వంపు కాడ నుంచి నాకు కనపడతాది. నీ కంటికీ నా కంటికీ ఏమి తేడా చెప్పు?" అని అత్త జవాబు కోసం ఆగకుండా నా వైపు తిరిగింది. "ఏమి చూస్తావు? ముందు ఎక్కు!"

ఎక్కడానికి ఏమీ లేదు, మట్టి దారి తప్ప. అయినా ఎక్కాను. గబగబా చీర దోపుకుని, వరసలో సెల్వి వెనక నిలబడ్డాను. అక్క వెనక్కి తిరిగి చూసి, అందరూ ఉన్నారని తేల్చుకుని, తల ఊపింది. మా బండి కదిలింది. పాత ప్లాట్‌ఫారం మీద పడుగు సాచుతున్న చెంగల్రాయ మామ కుంచె పైకెత్తి, "నీళ్ళు కావాల్నా ఇంజనుకు?" అని అరిచాడు. ఆడవాళ్ళంతా పకపకా నవ్వారు. నేను మాత్రం వెనక్కి తిరిగి చూడలేదు. చూస్తే గడపలో అత్త కనబడుతుందని భయం.

వంపు దగ్గరికి వచ్చేసరికి వెనక నుంచి గజ్జెలు ఊగినట్టు గిన్నెల చప్పుడు. "ఆపండమ్మా, ఆపండి!" అని అత్త, ఆ వయసులో, చేల గట్టు మీద పరుగెత్తుకుంటూ వస్తోంది. చేతిలో నా టిఫిన్ కారియర్. అలమేలక్క చెయ్యి ఎత్తింది. వరస మొత్తం ఆగిపోయింది. అత్త వగరుస్తూ వచ్చి కారియర్ నా చేతిలో పెట్టి, "రాత్రి సాంబారే, వెచ్చబెట్టినాను. సద్దుకో" అంది. కారియర్ ఇంకా వెచ్చగా ఉంది.

అలమేలక్క మా ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. తర్వాత దూరంగా ప్లాట్‌ఫారం వైపు తిరిగి, చేతులు నోటికి అడ్డం పెట్టుకుని, "మామో! చూడు, బండి దేనికి ఆగిందో చూడు!" అని కేక వేసింది. అంత సంతోషంగా ఆమెను నేను అంతకు ముందెప్పుడూ చూడలేదు.

ఆ బండి చాలా కాలం నడిచింది. అక్కకు టికెట్లు లేవు, కాంట్రాక్టు లేదు, మమ్మల్ని కడంబత్తూరులో ఎక్కించి ఒక్కతే తిరిగి వచ్చేది. తర్వాత షేర్ ఆటోలు వచ్చాయి. అక్క మోకాళ్ళు మొరాయించాయి. మేము తిరుత్తణికి మారాక కూడా అప్పుడప్పుడు పోయి చూసేదాన్ని. పోయిన ప్రతిసారీ కథ అక్కడితో మొదలుపెట్టేది, "మీ అత్త ఆ దినం పరిగెత్తింది చూడూ" అని. ఇప్పుడు అత్తా లేదు, అక్కా లేదు. చెంగల్రాయ మామ కొడుకులు ఆ ప్లాట్‌ఫారం మీద పడుగు సాచుతున్నారు. ఇప్పుడు దాన్ని జరపమనేవాళ్ళు లేరు.

నేనిప్పుడు అదే కంపెనీలో సూపర్‌వైజర్‌ని. తిరువళ్ళూరు స్టేషను బయట కంపెనీ వ్యాను మాకోసం నిలబడి ఉంటుంది. డ్రైవరుకు తొందర ఎక్కువ, నా సంచిలో ఒక మురుకుల పొట్లం ఎప్పుడూ ఉంటుంది. మొన్న, ఆ చెవుల్లో వైర్ల పిల్లతో మాట్లాడిన రోజే, అందరం ఎక్కేశాక దూరంగా కొత్తగా చేరిన ఒక పిల్ల పరుగెత్తుకుంటూ వస్తోంది. జడ సగమే అల్లి ఉంది. నేను వ్యాను మెట్టు మీద ఒక కాలు పెట్టి, డ్రైవరు చేతిలో మురుకు పెట్టి, వాళ్ళ అబ్బాయి పరీక్షలు ఎలా రాశాడో అడిగాను. ఆ పిల్ల వచ్చి నా ముందు నిలబడింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. "అక్కా, ఇంట్లో మా అత్త..." అని మొదలుపెట్టింది.

"ముందు ఎక్కు" అన్నాను.